పిల్లలతో ఇంట్లో రాకెట్ చేయాలంటే: మందు వద్దు, గాలీ నీళ్లూ చాలు

మీ ప్రశ్న ఇదీ: బాబు నాలుగో తరగతి, పాప ఏడో తరగతి. చంద్రయాన్-3 టీవీలో చూసినప్పటి నుంచి "మనమూ రాకెట్ చేద్దాం నాన్నా" అని వెంటపడుతున్నారు. యూట్యూబ్‌లో అగ్గిపుల్లల మందుతో, టపాసుల మందుతో చేసేవి చూపిస్తున్నారు. అవి చేయొచ్చా? కామర్స్ చదివిన మీరు ఇవి నేర్పగలరా? ఇదంతా ఆటే తప్ప నిజంగా ఏమైనా నేర్చుకుంటారా?

సూటిగా చెబుతాను. చేయండి. నిప్పుతో, మందుతో మాత్రం వద్దు. కాగితం, స్ట్రా, టేపు, ఖాళీ కూల్‌డ్రింక్ సీసా, సైకిల్ పంపు ఉంటే చాలు, నేర్చుకోవలసినదంతా వాటిలోనే ఉంది. ఈ ఆదివారం స్ట్రా రాకెట్‌తో మొదలుపెట్టండి. నెల తర్వాత నీళ్ల రాకెట్‌కి రండి. ఇక నేర్చుకుంటారా అంటే, రాకెట్ ఎగరడం చూసినంత మాత్రాన ఎవరూ ఏమీ నేర్చుకోరు. ఎగరేసే ముందు "ఎంత దూరం పోతుందంటావు?" అని అడిగి అంచనా చెప్పించండి. ఎగిరాక కొలిపించండి. రెండూ పక్కపక్కన రాయించండి. నా అనుభవంలో తేడా అంతా అక్కడే ఉంది.

నేను ఇరవై నాలుగేళ్లుగా జిల్లా పరిషత్ హైస్కూళ్లలో భౌతికశాస్త్రం చెబుతున్నాను. ఎక్కువ కాలం సూళ్లూరుపేట చుట్టుపక్కలే. శ్రీహరికోట నుంచి రాకెట్ లేచిన ప్రతిసారీ పిల్లలందరూ మైదానంలోకి పరుగెత్తుకొస్తారు. అయినా మొదటి ఏడాది నేను "రాకెట్ పైకి ఎలా పోతుంది?" అని అడిగితే తొమ్మిదో తరగతిలో సగం మంది "కింద నేలని తంతుంది సార్" అన్నారు. మిగతా సగం "గాలిని నెడుతుంది సార్" అన్నారు. రోజూ కళ్లముందు చూసేవాళ్ల సంగతే ఇలా ఉంటే, చూడటం ఒక్కటే చాలదని నాకు అప్పుడు అర్థమైంది. అప్పటి నుంచి ప్రతి ఏడూ వాళ్ల చేత్తోనే రాకెట్లు చేయిస్తున్నాను.

ముందు మందు సంగతి తేల్చేద్దాం. అగ్గిపుల్లల తలలు గీకడం, టపాసులు విప్పి మందు పోగేయడం, పంచదారలో ఏవో కలిపి వేడిచేయడం, ఇవేవీ ఇంట్లో చేయకూడదు. ఆ పొడుల్లో కొన్ని రాపిడికే అంటుకుంటాయి. గొట్టంలో దట్టించి బిగించాక అది ఎగురుతుందా, చేతిలోనే పేలుతుందా అన్నది మన అదుపులో ఉండదు. పైగా లైసెన్సు లేకుండా పేలుడు పదార్థాలు తయారుచేయడం 1884 నాటి చట్టం ప్రకారం నేరం. టీచరుగా నాకు ఇంకో అభ్యంతరం కూడా ఉంది. మందు రాకెట్ ఒక్క క్షణంలో కాలిపోతుంది, మళ్లీ వాడటానికి ఉండదు. ఏం మారిస్తే ఏం జరిగిందో తెలుసుకునే వీలే లేదు. అదే స్ట్రా రాకెట్‌ని గంటలో నలభై సార్లు ఎగరేయొచ్చు.

రాకెట్ దేన్ని నెడుతుంది? ఇది ముందు మీకు తేటపడాలి. మా బడిలో పులికాట్ సరస్సులో చేపలు పట్టే కుటుంబాల పిల్లలు ఉంటారు. న్యూటన్ పేరు ఎత్తకముందే వాళ్లని ఒక మాట అడుగుతాను: పడవ మీంచి ఒడ్డుకు దూకితే పడవ ఏమవుతుంది? "వెనక్కి పోతుంది సార్, చూసుకోకపోతే నీళ్లలో పడతాం" అంటారు. దూకినవాడు ముందుకి, పడవ వెనక్కి. రాకెట్టూ అంతే. తన కడుపులో ఉన్న గాలినో, నీళ్లనో, కాలిన వాయువునో వెనక్కి విసిరేస్తుంది, ఆ విసురుకి తాను ముందుకు పోతుంది. బయట నేల ఉందా, గాలి ఉందా అన్నదానితో దానికి పనిలేదు.

ఈ పొరపాటు పిల్లలొక్కరిదే కాదు. గాలి లేని చోట రాకెట్ పనిచేయదంటూ 1920లో న్యూయార్క్ టైమ్స్ పత్రిక అమెరికా రాకెట్ శాస్త్రవేత్త రాబర్ట్ గొడ్డార్డ్‌ని తప్పుపడుతూ సంపాదకీయం రాసింది. ఆ గొడ్డార్డే 1926 మార్చి 16న ప్రపంచంలో మొట్టమొదటి ద్రవ ఇంధన రాకెట్‌ని ఎగరేశాడు. అది రెండున్నర సెకన్లు ఎగిరి 41 అడుగుల ఎత్తుకు వెళ్లింది. పత్రిక తన తప్పు దిద్దుకున్నది 1969 జులై 17న, అపోలో-11 చంద్రుడి వైపు బయలుదేరిన మర్నాడు. కాబట్టి మీ బాబు "గాలిని నెడుతుంది" అంటే వెంటనే "తప్పు" అనకండి. పాపని ఆఫీసు కుర్చీలో కూర్చోబెట్టి, కాళ్లు పైకెత్తించి, పుస్తకాలు నిండిన బడి సంచిని ముందుకు విసరమనండి. కుర్చీ వెనక్కి జరుగుతుంది. సంచిని మెల్లగా వదిలితే ఎంత జరుగుతుంది, గట్టిగా విసిరితే ఎంత, సగం పుస్తకాలు తీసేస్తే ఎంత అని బాబునే కొలవమనండి. రాకెట్ గురించి తెలియవలసినదాంట్లో సగం ఆ కుర్చీ దగ్గరే వచ్చేస్తుంది.

ఇప్పుడు స్ట్రా రాకెట్. అరచేతి వెడల్పు, పన్నెండు సెంటీమీటర్ల పొడవు ఉన్న కాగితం ముక్కని స్ట్రా చుట్టూ చుట్టి టేపు వేయండి. బిగుతుగా చుట్టకూడదు, స్ట్రా మీద సులువుగా జారాలి. ఒక చివర మడిచి, గాలి పోకుండా టేపుతో మూసేయండి. స్ట్రా మీద తొడిగి గట్టిగా ఊదడమే. ఇప్పుడు దొరికే కాగితం స్ట్రా కూడా పనికొస్తుంది, నోటి తడికి మెత్తబడగానే మార్చాలంతే. మనుషుల మీదకి ఊదకూడదన్నది మొదటి రోజే చెప్పేయండి.

మొదటి రాకెట్‌ని రెక్కలు లేకుండానే చేయించండి. చాలామంది తల్లిదండ్రులు ఇక్కడే తొందరపడతారు. వీడియో చూసి, రెక్కలు కత్తిరించి, అందంగా అతికించి ఇచ్చేస్తారు. అది చక్కగా ఎగురుతుంది, పిల్లవాడు చప్పట్లు కొడతాడు, రెక్కలు ఎందుకున్నాయో వాడికి ఎప్పటికీ తెలియదు. రెక్కలు లేనిది మూడు నాలుగు మీటర్లు పోయి గాల్లో పల్టీలు కొట్టి పడుతుంది. అప్పుడు అడగండి: "ఎందుకు పల్టీ కొట్టింది? ఏం చేద్దాం?" వాడే ఏదో ఒకటి అంటాడు. కొందరు ముక్కు దగ్గర రెక్కలు పెడదామంటారు. పెట్టనివ్వండి. ఇంకా ఎక్కువ పల్టీలు కొడుతుంది. తర్వాత వెనక్కి మార్చమనండి. ఆ తర్వాత శనగగింజంత చపాతీ పిండి ముద్దని ముక్కులో పెట్టి చూడమనండి. తిన్నగా పోవడం మొదలవుతుంది.

కారణం ఇదీ. గాల్లో ఎగిరే వస్తువు తన బరువు మధ్య ఉన్న చోటు చుట్టూ తిరుగుతుంది. గాలి తాకిడి ఆ చోటికి వెనక ఎక్కువగా ఉంటే, తోక పక్కకి జరిగినప్పుడల్లా గాలి దాన్ని మళ్లీ వెనక్కి తోసి సరిచేస్తుంది. ముందు ఎక్కువగా ఉంటే తిరగేసేస్తుంది. బాణానికి ఈకలు వెనక కట్టి, ఇనుప మొన ముందు పెట్టేది అందుకే.

దీపావళికి మనం కాల్చే తారాజువ్వ కూడా ఇదే పాఠం చెబుతుంది. దాని పొడవాటి పుల్ల ఎందుకని అడిగితే "సీసాలో నిలబెట్టడానికి" అంటారు పిల్లలు. నిలబెట్టడం చిన్న పని. అసలు పని, గాలి తాకే చోటుని బాగా వెనక్కి లాగడం. పుల్ల విరిగిన తారాజువ్వ ఎవరింటి మీదకి పోతుందో చెప్పలేమని మన ఊళ్లలో అందరికీ తెలుసు. వెలిగించక్కర్లేదు, ఒక తారాజువ్వని చూపుడువేలి మీద అడ్డంగా నిలబెట్టి, ఎక్కడ బరువు సరిపోతుందో చూపించండి చాలు.

స్ట్రా రాకెట్ల తర్వాత కాలితో తొక్కే రాకెట్. ఖాళీ కూల్‌డ్రింక్ సీసా మూతికి పాత సైకిల్ ట్యూబు ముక్క, దానికి కరెంటు వైరింగుకి వాడే పీవీసీ పైపు. పైపు మీద తొడిగేలా మామూలు తెల్లకాగితంతో రాకెట్ చుట్టి, సీసాని ఎగిరి తొక్కాలి. మీ బాబు వయసుకి ఇది సరిగ్గా సరిపోతుంది. దీంతో కోణం సంగతి తేలుతుంది. పైపుని 30, 45, 60 డిగ్రీల్లో వంచి ఒక్కో కోణానికి ఐదేసి సార్లు తొక్కించండి. మా పిల్లలకి ఒకసారి సగటున 17, 20, 16 మీటర్లు వచ్చాయి. 45 దగ్గర ఎక్కువ, 30కీ 60కీ దాదాపు సమానం. గాలి లేకపోతే ఆ రెండూ అచ్చంగా ఒకటే రావాలి. తొక్కేది ప్రతిసారీ ఒకే పిల్లవాడై ఉండాలి, లేకపోతే కోణం తేడా ఏదో, కాళ్ల బలం తేడా ఏదో తెలియదు.

ఈనో రాకెట్ గురించి రెండు మాటలు చాలు. విటమిన్-సి బిళ్లలు వచ్చే గొట్టంలాగా, నొక్కితే మూసుకునే మూత ఉన్న చిన్న ప్లాస్టిక్ గొట్టం తీసుకోండి. అందులో రెండు చెంచాల నీళ్లు, పావు చెంచా ఈనో వేసి, మూత నొక్కి, తలకిందులుగా నిలబెట్టి దూరం జరగాలి. కార్బన్ డయాక్సైడ్ పుట్టి, మూతని కిందకి, గొట్టాన్ని పైకి విసిరేస్తుంది. చన్నీళ్లకి ఎన్ని సెకన్లు, గోరువెచ్చని నీళ్లకి ఎన్ని సెకన్లు అని లెక్కపెట్టిస్తే రసాయన చర్య వేగం మీద మంచి పాఠం. కానీ మర మూత ఉన్న సీసాలో ఈనో, వంటసోడా వేసి ఎప్పుడూ బిగించకండి. మర మూత ఊడదు, సీసాయే పగులుతుంది. బాత్రూమ్ ఆసిడ్‌తో చేసేవాటి జోలికి అసలే వెళ్లకండి.

ఇక నాకు అన్నిటికన్నా ఇష్టమైన నీళ్ల రాకెట్. మీ పాప వయసుకి ఇదే అసలు రాకెట్. దీన్ని కాస్త వివరంగా చెప్పాలి.

సీసా: లీటరు లేదా రెండు లీటర్ల కూల్‌డ్రింక్ సీసా, గ్యాస్ ఉన్న పానీయానిదే కావాలి. అది లోపలి ఒత్తిడి తట్టుకునేలా చేసిన సీసా. మంచినీళ్ల సీసా పలచన, వాడొద్దు. గీతలు పడినదీ, సొట్టలు పోయినదీ, ఎండలో పడి ఉన్నదీ వాడొద్దు. రెక్కలు అట్టతో చేసి టేపుతోనే అతికించండి. వేడి జిగురు, ఫెవిక్విక్ లాంటివి ఆ ప్లాస్టిక్‌ని బలహీనం చేస్తాయి, అక్కడే చీలుతుంది. ముక్కు మొనదేలి ఉండకూడదు. పాత రబ్బరు బంతిని సగానికి కోసి టేపు వేస్తే బరువూ సరిపోతుంది, ఎవరికైనా తగిలినా గుచ్చుకోదు. ఇరవై సార్లు ఎగరేశాక సీసా మార్చేయండి.

బిరడా: ప్రయోగశాల సామాన్లు అమ్మే దుకాణంలో సీసా మూతికి సరిపడే రబ్బరు బిరడా దొరుకుతుంది. ఫుట్‌బాల్‌కి గాలి కొట్టే సూదిని దాంట్లోంచి గుచ్చాలి. సూది చివర ఉండే చిన్న రంధ్రం బిరడా పైకి వచ్చిందో లేదో చూసుకోండి. రాకపోతే బిరడాని కాస్త కోయాలి. సైకిల్ పంపు గొట్టం మామూలుగా చాలా పొట్టిగా ఉంటుంది. సైకిల్ షాపులో అడిగి నాలుగైదు మీటర్ల గొట్టం వేయించుకోండి. ఈ ఒక్క పనికి బద్ధకించకండి, కారణం కింద చెబుతాను. సీసాలో నీళ్లు పోసి, బిరడా బిగించి, తలకిందులుగా మూడు ఇటుకల మధ్య నిలబెట్టి, దూరం నుంచి పంపు కొట్టాలి. ఒత్తిడి పెరిగి బిరడా ఊడిపోగానే నీళ్లు కిందకి చిమ్ముతాయి, సీసా పైకి లేస్తుంది.

బిరడా తనంతట తాను ఊడటమే ఇందులో రక్షణ కూడా. అందుకే తీగతో కట్టడం, జిగురు పెట్టడం చేయకూడదు. కొలతలు కలవాలంటే బిరడా మీద పెన్నుతో గీత పెట్టుకుని ప్రతిసారీ అంతవరకే దింపండి. లేకపోతే ఒకసారి ఎనిమిది పంపులకి, ఒకసారి పదిహేను పంపులకి ఊడుతుంది, ఏ మార్పుకి ఎత్తు పెరిగిందో చెప్పలేం.

ఇప్పుడు గొట్టం పొడవు మాట. పన్నెండేళ్ల కిందట, పొట్టి గొట్టంతోనే చేయించేవాణ్ణి. ఒక రోజు సీసా ఇరవై పంపులు కొట్టినా లేవలేదు. నేను పంపు చూస్తూ తల వంచుకుని ఉన్నాను. ఎనిమిదో తరగతి అబ్బాయి "ఏమైంది సార్" అంటూ వంగి సీసా దగ్గర చూశాడు. అదే క్షణంలో బిరడా ఊడింది. సీసా అంచు కనుబొమ మీద తగిలి మూడు కుట్లు పడ్డాయి. రెండు వేళ్లు కిందకి తగిలి ఉంటే కన్ను. ఆ పిల్లవాడి తల్లి ముందు నిలబడి నేను ఏం చెప్పగలను? పిల్లల్ని దూరంగా ఉంచాల్సింది నేను. ఆ రోజు నుంచి నా దగ్గర మారని నియమాలు ఇవి: సీసా చుట్టూ ఎనిమిది అడుగుల దూరంలో సున్నంతో గీత, గాలి ఎక్కిన సీసా ఉన్నంతసేపు ఆ గీత లోపలికి ఎవరూ అడుగుపెట్టరు, నేను కూడా. సీసా లేవకపోతే దగ్గరికి వెళ్లం. పంపు దగ్గర గొట్టం ఊడదీసి, గాలి పూర్తిగా దిగేదాకా ఆగుతాం. పంపు కొట్టేది పెద్దవాళ్లే, కళ్లద్దాలు పెట్టుకుని. మిగతావాళ్లు ఇంకా వెనక. ఎగరేసే ముందు ఒకరు గట్టిగా అంకెలు వెనక్కి లెక్కపెడతారు, అందరూ పైకి చూస్తారు.

ఇక అసలు ప్రయోగం. ఎన్ని నీళ్లు పోయాలి? చెప్పేయకండి. ముందు అంచనా రాయించండి. మా పిల్లలు దాదాపు ప్రతి ఏడూ "నిండా పోయాలి" అంటారు, నీళ్లే ఇంధనం కదా అని. లీటరు సీసాతో ఒక తరగతికి వచ్చిన ఎత్తులు: నీళ్లు లేకుండా 7 మీటర్లు, పావు సీసాకి 21, మూడో వంతుకి 23, సగానికి 17, ముప్పావుకి 8. నిండా పోస్తే దాదాపు లేవనే లేదు.

ఎందుకో ఉండేలుతో చెబితే వెంటనే తెలుస్తుంది. సీసాలో బిగించిన గాలి ఉండేలు రబ్బరు, నీళ్లు రాయి. రాయి లేకుండా లాగి వదిలితే రబ్బరు ఊరికే కొట్టుకుంటుంది. పెద్ద బండరాయి పెట్టి, లాగడానికి జాగా లేకపోతే అదీ పోదు. నీళ్లు ఎక్కువైతే గాలికి చోటు తగ్గుతుంది, అంటే రబ్బరు సాగింది తక్కువ, మోయాల్సిన బరువు ఎక్కువ. ఈ రెండిటికీ నడుమ ఎక్కడో మంచి చోటు ఉంటుంది. అది పావు నుంచి మూడో వంతు మధ్యలో దొరుకుతుంది.

ఇక్కడ పిల్లలకి అసలు రాకెట్ బరువులు చెప్పండి. ఖాళీ సీసా బరువు కొన్ని పదుల గ్రాములు, లోపల పోసే నీళ్లు మూడు వందల గ్రాముల పైమాట. బయలుదేరేటప్పుడు బరువంతా విసిరేయబోయేదే. 2023 జులై 14న చంద్రయాన్-3ని మోసుకెళ్లిన ఎల్‌వీఎం-3 కూడా అంతే. లేచేటప్పుడు దాని బరువు సుమారు 640 టన్నులు, అది మోసుకెళ్లిన చంద్రయాన్ నాలుగు టన్నుల లోపు. మా పిల్లలకి బాగా నచ్చే సంగతి ఇంకోటి ఉంది. శ్రీహరికోట నుంచి మొట్టమొదట ఎగిరింది రోహిణి-125, 1971 అక్టోబరు 9న. ఆ 125 అన్నది రాకెట్ లావు, మిల్లీమీటర్లలో. రెండు లీటర్ల కూల్‌డ్రింక్ సీసా పక్కన స్కేలు పెట్టి చూడమంటాను. ఆ రాకెట్ దానికన్నా కాస్తే లావు. ఆ మాట వినగానే చేతిలో సీసాని చూసే చూపు మారిపోతుంది.

ఎత్తు ఎలా కొలవాలి? కంపాస్ బాక్సులో కోణమానిని తీసుకోండి. తిన్నని అంచుకి స్ట్రా ముక్క టేపు వేయండి. మధ్య రంధ్రం నుంచి దారం కట్టి, చివర ఇనుప నట్టు వేలాడదీయండి. సీసా నుంచి 20 మీటర్లు దూరంగా నిలబడి, స్ట్రాలోంచి రాకెట్‌ని చూస్తూ, అది పై అంచుకి చేరగానే దారాన్ని వేలితో నొక్కి పట్టాలి. దారం 40 చూపిస్తే కోణం 40 కాదు, 90లోంచి తీసేసిన 50. ఇక్కడ అందరూ తడబడతారు, ముందు ఇంటి గోడ మీద నాలుగుసార్లు సాధన చేయించండి. పాపకి ఇంకా త్రికోణమితి రాదు కాబట్టి గ్రాఫ్ కాగితం మీద గీయించండి: 5 మీటర్లకి ఒక సెంటీమీటరు చొప్పున 20 మీటర్లకి నాలుగు సెంటీమీటర్ల అడ్డగీత, ఒక చివర 50 డిగ్రీల గీత, రెండో చివర నిలువు గీత. రెండూ కలిసే చోటుకి సుమారు 4.8 సెంటీమీటర్లు వస్తుంది. అంటే 24 మీటర్లు, దానికి పాప కంటి ఎత్తు కలపాలి. పదో తరగతిలో ఆ పాఠం వచ్చినప్పుడు ఈ గీత గుర్తొస్తుంది. గాలికి రాకెట్ ఒక పక్కకి కొట్టుకుపోతుంది కాబట్టి వీలైతే ఎదురెదురుగా ఇద్దరు నిలబడి కొలిచి సగటు తీయండి.

ఫోన్‌తో కూడా కొలవొచ్చని కొందరు చెబుతారు. పై నుంచి కిందపడటానికి పట్టిన సెకన్లని వర్గం చేసి, ఐదుతో గుణించడం. మా బడిలో ఒక పాప ఈ రెండు పద్ధతులూ పోల్చి చూసింది. కోణమానిని 20 మీటర్లు అంది. గడియారం రెండున్నర సెకన్లు, అంటే 31 మీటర్లు. మూడు రోజులు లెక్క మళ్లీ మళ్లీ చేసి, తన తప్పే అనుకుని, చివరికి నా దగ్గరికి వచ్చింది. లెక్క తప్పలేదు. ఖాళీ సీసా తేలిక, గాలి దాన్ని ఆపుతూ ఉంటుంది, అందుకే మెల్లగా పడుతుంది. ఆ సూత్రం గాలి లేనట్టు లెక్కగట్టింది. నేను అది నోటితో చెప్పలేదు. ఒక సీసాలో గుప్పెడు ఇసుక వేసి, ఒకటి ఖాళీగా ఉంచి, మేడ మీంచి రెండూ ఒకేసారి వదలమన్నాను. కింద ఎవరూ లేకుండా చూసుకునే లెండి.

ఇంకో విషయం కూడా ముందే తెలిసి ఉండటం మంచిది. మూడు రెక్కలు మేలా, నాలుగు మేలా అని ఇద్దరు అబ్బాయిలు పందెం వేసుకున్నారు. ఒక్కోటి ఒకసారి ఎగరేశారు, నాలుగు రెక్కలది మీటరు ఎక్కువ పోయింది, గెలిచానని ఒకడు ఎగిరాడు. ఒకే రాకెట్‌ని ఐదుసార్లు ఎగరేయండిరా అన్నాను. ఆ ఒక్క రాకెట్‌కే ఐదు ఎత్తుల మధ్య మూడు మీటర్ల తేడా వచ్చింది. ఇక మీటరు తేడాతో ఎవరు గెలిచినట్టు? ఇద్దరూ చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత ఇరవై సార్లు ఎగరేసి సగటులు తీశారు. తేడా ఏమీ కనిపించలేదు. అది కూడా జవాబే అని ఒప్పుకోవడానికి వాళ్లకి కొంత టైమ్ పట్టింది. అందుకే ఒక్కసారి ఎగరేసి నిర్ణయానికి రావద్దు, ఒకసారికి ఒక్కటే మార్చండి. రెక్కలూ నీళ్లూ కలిపి మారిస్తే ఎత్తు దేనివల్ల పెరిగిందో ఎవరూ చెప్పలేరు.

నోట్‌బుక్‌లో నాలుగు గడులు చాలు: ఏం మార్చాం, నా అంచనా, ఎంత వచ్చింది, ఎందుకనుకుంటున్నాను. అంచనా తప్పితే కొట్టేసి దిద్దడానికి ఒప్పుకోకండి. అది పెన్నుతోనే రాయాలి, పెన్సిల్‌తో కాదు. బాబుకి రాయడం బద్ధకమైతే వాడు చెబుతుంటే మీరు రాయండి.

ఇక మీరు నేర్పగలరా అన్నది. కామర్స్ చదివానన్న టెన్షన్ వద్దు. పట్టిక గీయడం, సగటు తీయడం, అంచనాకీ జరిగినదానికీ తేడా చూడటం మీకు నాకన్నా బాగా వచ్చు. ఈ పనిలో మూడు వంతులు అదే. పిల్లలు అడిగినదానికి జవాబు తెలియకపోతే "నాకూ తెలియదు, ఎగరేసి చూద్దాం పద" అనండి. సైన్స్ టీచర్లం ఆ మాట అనడానికి జంకుతాం, తెలిసిన జవాబు వెంటనే చెప్పేస్తాం. అక్కడ మీకే వీలు ఎక్కువ.

మీరు అపార్ట్‌మెంట్‌లో ఉంటున్నామన్నారు. స్ట్రా రాకెట్లకి హాలు చాలు, వరండా అయితే ఇంకా మంచిది. నీళ్ల రాకెట్‌ని మాత్రం టెర్రస్ మీంచి ఎప్పుడూ ఎగరేయకండి. అది ఎక్కడ పడుతుందో మీకు కనపడదు, పిల్లలు దాని కోసం పిట్టగోడ మీంచి వంగుతారు. బడి మైదానం కావాలి, లేదా ఊరికి వెళ్లినప్పుడు కోతలు అయిపోయిన చేను. సంక్రాంతి సెలవుల్లో మా పిల్లలు అక్కడే ఎగరేస్తారు. కరెంటు తీగలు, రోడ్డు దగ్గర్లో లేకుండా చూడండి. తీగల మీద పడిన సీసాని వదిలేయాలి, కర్రతో తీయకూడదు.

వీలైతే ఒకసారి ఇద్దర్నీ శ్రీహరికోట తీసుకురండి. ప్రయోగం చూడటానికి అక్కడ గ్యాలరీ ఉంది, ముందుగా ఆన్‌లైన్‌లో పేరు నమోదు చేసుకోవాలి. అది దొరక్కపోతే సూళ్లూరుపేట వైపు ఎక్కడ నిలబడినా కనిపిస్తుంది. వెలుగు కనపడగానే లెక్కపెట్టడం మొదలుపెట్టమనండి. ఇరవై కిలోమీటర్ల దూరంలో ఉంటే రాకెట్ నిశ్శబ్దంగా లేస్తుంది, దాదాపు నిమిషం తర్వాత ఉరుములాంటి మోత వస్తుంది. ఎన్ని సెకన్లో చెబితే, మూడుతో భాగించి మనం ఎన్ని కిలోమీటర్ల దూరంలో ఉన్నామో బాబే చెప్పేస్తాడు.

ముందైతే స్ట్రాలు కొనండి. పట్టికలో పది వరసలు నిండాక ఏం మార్చారో, ఏం వచ్చిందో ఇక్కడే రాయండి. రాకెట్ పల్టీలు కొట్టడం ఆగకపోతే దాని పొడవు, రెక్కల కొలత, వేలి మీద ఎక్కడ బరువు సరిపోతోందో కూడా చెప్పండి, చూసి చెబుతాను.